మర ఆగిన రోజులు

తెల్లారి చాలాసేపైంది. జశ్వంతు పిండిమర గుమ్మం మీద సమ్మతిదీపం ఇంకా పచ్చబడలేదు.

గానుగ వీధి జనం డబ్బాలు నేలమీద వరసగా పెట్టి, వాటి పక్కనే నిలబడి దీపం వైపు చూస్తున్నారు. నాగులరేవులో ఏ వీధి ఉదయమైనా ఇలాగే మొదలవుతుంది. టీకొట్టువాడు పొయ్యి వెలిగించాలన్నా, ఇస్త్రీ బండివాడు పెట్టె వేడెక్కించాలన్నా, మంగలి కత్తెర పట్టాలన్నా ముందు ఎవరి దీపం వాళ్ళకి పచ్చబడాలి. నిన్నంతా వీధి ఎలా ఉందో తూచి, తెల్లవారుజామున పురపాలక సంఘం వారి తక్కెడ ఆ దీపాలు వెలిగిస్తుంది. రోజుకో లైసెన్సన్నమాట. పొద్దు గుంకితే అదీ గుంకుతుంది.

వరస చివర లాస్య ఉంది. యాభై ఎప్పుడో దాటిన మనిషి. ఆ తరంలో వీధికి ముగ్గురు లాస్యలుండేవారు. ఇప్పుడా పేరు వింటే పిల్లలు బామ్మల పేరని నవ్వుతారు. ఇన్నాళ్ళూ మరకి బియ్యం డబ్బా మోసుకొచ్చింది ఆవిడ భర్త భార్గవ్. ఆయన పోయాడు. పెద్ద కర్మ కూడా అయి కొన్నాళ్ళయింది కాబట్టి, తప్పక ఇవాళ ఆవిడే బయల్దేరింది.

"ఈ మరకి ఎర్రదీపమేంటర్రా? నా పెళ్ళైన కాడ్నించీ చూళ్ళేదు," అంది లాస్య పక్కింటి మేఘన. మేఘన మెల్లిగా మాట్లాడినా వీధి చివరికి వినబడుతుంది. "మర మోత పడని మహారాణి ఎవరమ్మా మన వీధిలో?"

జనం నవ్వారు. లాస్య కూడా నవ్వబోయింది. అప్పుడే ఆవిడ మణికట్టు మీద నాడిపట్టీ సన్నగా వణికింది. పట్టీ మాట ఎముక వెంట చెవికెక్కుతుంది, పక్కవాళ్ళకి వినబడదు.

"లాస్య గారూ, పిండిమర వల్ల మీకు కలుగుతున్న బాధ మా దృష్టికి వచ్చింది. మీ అభ్యంతరాన్ని స్వీకరించి, మర నడిపే అనుమతిని నిలిపివేశాం. మీ ప్రశాంతతే మా బాధ్యత."

లాస్యకి కాసేపు ఆ మాటలు బోధపడలేదు. తను ఎవరికీ ఏమీ చెప్పలేదు. చెప్పాలన్న ఆలోచన కలలో కూడా లేదు. డబ్బా చంకనెత్తుకుని, ఎవరి మొహమూ చూడకుండా ఇంటికొచ్చేసింది.

ఒకప్పుడు ఇలా ఉండేది కాదు. వీధిలో ఎవడైనా కొట్టు పెడితే గిట్టనివాళ్ళు కోర్టుకెక్కేవారు. రెండు పక్షాలూ చెప్పులరిగేలా తిరిగి, తాత వేసిన కేసు మనవడు గెలిచేసరికి అక్కడ కొట్టూ ఉండేది కాదు, గెలిచినందుకు సంతోషించే ఓపికా ఉండేది కాదు. నోరున్నవాడిదే రాజ్యం. బడి గోడకానుకుని బారు నడిపే ఆసామిని అడిగే దిక్కు లేదు గానీ, ఎవరి జోలికీ పోని దోసెల బండిని మాత్రం మేడ మీది పెద్దమనిషి ఒక్క ఫిర్యాదుతో లేపించేసేవాడు. ఆ గొడవలన్నీ చూసి చూసి మౌనసమ్మతి చట్టం తెచ్చారు. ప్రతి గోడకీ ఒక గోడచెవి బిగించారు. మోత, పొగ, కంపు, జనసమ్మర్దం అన్నీ అది పసిగడుతుంది. ప్రతి మణికట్టుకీ ఒక నాడిపట్టీ కట్టారు. గుండె ఎంత వేగంగా కొట్టుకుంది, ఊపిరి ఎక్కడ తడబడింది, చెమట ఎప్పుడు పట్టింది, అది చెబుతుంది. ఈ రెంటినీ పక్కపక్కన పెట్టి తూచేది తక్కెడ. మౌనం అర్ధాంగీకారమన్నారు పెద్దలు. మిగతా సగం నాడిని అడిగి తెలుసుకుంటామంది చట్టం.

మేలు జరగలేదని అనడానికి లేదు. బడి పక్క బారు లేచిపోయింది. మంచాన పడ్డవాళ్ళ బాధ, నోరెత్తలేని కోడళ్ళ బాధ మొదటిసారి లెక్కలోకొచ్చాయి. భార్గవ్ అయితే ఆ చట్టాన్ని వీధరుగుల మీద కూర్చుని మరీ మెచ్చుకున్నాడు. పట్టీ తీసి గూట్లో పెట్టేద్దామంటే మాత్రం కుదరదు. మొదట్లో కొట్లవాళ్ళు ఇరుగుపొరుగుని బెదిరించి పట్టీలు తీయించారని, పట్టీ లేని మణికట్టుని అభ్యంతరం కిందే జమకట్టాలని సవరణ చేశారు. పక్షం రోజులు దీపం ఎర్రగానే ఉంటే ఆ వ్యాపారానికి ఇక మూతే. మరరాళ్ళు ఊడదీసి పట్టుకుపోతారు. నాగులరేవు మొత్తానికి రాతిమర ఇదొక్కటే మిగిలింది. ఆడించిన పిండి చేతికి వెచ్చగా తగలాలంటే ఇక్కడికే రావాలి.

అభ్యంతరం పెట్టినవారి పేరు ఎవరికీ చెప్పరు. లాస్య నోరు మూసుకుంటే గానుగ వీధికి ఎప్పటికీ తెలియదు. కానీ మధ్యాహ్నం కంచం ముందు కూర్చుంటే ముద్ద దిగలేదు. ఎదురుగా మర తలుపులు మూసి ఉన్నాయి. చేతులు కడుక్కుని, చెంగు భుజం చుట్టూ కప్పుకుని వెళ్ళింది.

మర ముందు అరుగు మీద జశ్వంతు తండ్రి సాయితేజ కూర్చుని ఉన్నాడు. ఎనభయ్యేళ్ళ ముసలాయన. కనుబొమల్లో పడ్డ పిండి ఏనాడో అక్కడే స్థిరపడిపోయింది. లోపల జశ్వంతు చేసే పని లేక, తుడిచిన గరాటునే మళ్ళీ తుడుస్తున్నాడు.

"ఒరే జశ్వంతూ, ఆ అభ్యంతరం నాదేరా," అంది లాస్య గుమ్మంలో నిలబడే.

జశ్వంతు తలెత్తి నవ్వాడు. "నీదేంటక్కా, ఊరుకో. మర మోత లేకపోతే పొద్దు తోచదంటావు నువ్వు."

"నేను పెట్టలేదు. నా నాడి పెట్టింది."

నవ్వు ఆగిపోయింది. సాయితేజ అరుగు మీద కాస్త జరిగి, కూర్చోమన్నట్టు పక్కన చేత్తో తట్టాడు. లాస్య కూర్చుంది.

"పొద్దున్నే మర లేవగానే మీ బావ కాఫీకి నీళ్ళు పడేసేవారు. 'మర లేచిందే, నువ్వింకా లేవవేంటి' అనేవారు. మా పెళ్ళైన్నాటి నించీ ఇదే పాట. ఆయన పోయాక మీరు మర ఆపేశారు కదా. ఆ రోజుల్లో నాకు ఏడుపే రాలేదురా. ఇంటినిండా జనం. వంటలు, బంతులు, చాపలు. ఆయన పోయారన్న సంగతి బుర్రకెక్కలేదు. కర్మ అయిన మర్నాడు నువ్వు మర వేశావు. మోత వినబడింది. ఆయన పిలవలేదు." లాస్య మణికట్టు చాపి చూపించింది. "అప్పట్నించీ మర వేసినప్పుడల్లా అంతే. మంచం మీదే ఏడుస్తున్నాను. అది మర మీద కోపమనుకుంది ఈ పట్టీ."

గానుగ వీధిలో ఎవరింట శవం లేచినా, పెద్ద కర్మ అయ్యేదాకా మర ఆపడం ఆ కుటుంబం ఆచారం. పొయ్యి వెలగని ఇల్లు ఎదురుగా ఉండగా పిండి ఆడించకూడదని సాయితేజ తండ్రి పెట్టిన కట్టడి. బేరం పోతుంది, పక్క వీధులవాళ్ళు విసుక్కుని యంత్రపు పిండి కొనుక్కుంటారు, అయినా సరే. చక్రం మీంచి బెల్టు తీసి భుజాన వేసుకుని వచ్చి శవం పక్కన కూర్చుంటారు. మర ఆగిందని అదే గుర్తు. భార్గవ్ పోయిన రోజున సాయితేజ అలాగే వచ్చి, శవాన్ని ఎత్తేదాకా ఒక్క మాట మాట్లాడకుండా కూర్చున్నాడు. ఆయన చొక్కా మీద బెల్టు మరక ఇప్పటికీ ఉంది.

"అయినవాడు పోతే ఏడవక నవ్వుతారా?" అన్నాడు సాయితేజ చివరికి. "పదండి. తగవులు తేల్చే వాడపీఠానికి పోదాం. అమ్మాయ్, నువ్వు నోటితో చెప్పు. నాడి చెప్పింది కాదు, నేను చెప్పేది వినండని చెప్పు. అయిపోద్ది."

అంత తేలిగ్గా అయిపోతుందనే ముగ్గురూ అనుకున్నారు.

వాడపీఠం చల్లగా, శుభ్రంగా ఉంది. వకీళ్ళు లేరు, కేకల్లేవు. పీఠాధికారి సాన్విక నెమ్మదైన మనిషి. ముసలాయన్ని చూసి తనే లేచి కుర్చీ జరిపింది. కేసు చదివి, కాస్త ఆశ్చర్యపడింది.

"అభ్యంతరదారు మీరే. ఆ అభ్యంతరం చెల్లదని కేసు వేసిందీ మీరే. ఈ పీఠం ముందుకి ఇలాంటిది రావడం ఇదే మొదలమ్మా."

"నాకు మర మీద ఏ అభ్యంతరమూ లేదండి," అంది లాస్య. దారిపొడుగునా అనుకుంటూ వచ్చిన మాట అదే. "నా ఇష్టపూర్వకంగా చెబుతున్నాను. రాసుకోండి."

"రాసుకుంటాను. కానీ నోటిమాటని చట్టం సాక్ష్యం కింద తీసుకోదు. భయపెట్టి చెప్పించచ్చు, మొహమాటపెట్టి చెప్పించచ్చు. నాడిని మొహమాటపెట్టలేం కదా."

సాన్విక గోడ మీద రెండు అలలు వేసి చూపించింది. పైది మర మోత, కిందిది లాస్య నాడి. "ఇక్కడ చూడండి. ఇన్ని రోజులు మర ఆగి ఉంది. మీ భర్త పోయిన రోజులవి. అయినా మీ నాడి దాదాపు నిలకడగానే ఉంది. ఇదిగో, ఇక్కడ మర మొదలైంది. గుండె, ఊపిరి, చెమట, అన్నీ ఒక్కసారి లేచాయి. మర ఆగాక సద్దుమణిగాయి. మర్నాడు మళ్ళీ అంతే. మామూలుగా ఫలానా మోత వల్లే బాధ అని తేల్చాలంటే మేమే ఆ కొట్టు కొన్నాళ్ళు ఆపించి పరీక్ష చేస్తాం. జశ్వంతు గారు ఆ పరీక్ష తనే చేసిపెట్టారు. అసలు అన్నాళ్ళు మర ఎందుకు ఆపారండీ?"

"శవం లేచిన వీధండీ," అన్నాడు జశ్వంతు. ఇంత చిన్న విషయం అడుగుతుందేమిటన్నట్టు చూశాడు. "బావగారు పోతే మర ఎలా ఆడిస్తామండీ?"

సాన్విక గోడ మీది అలల్లో మర ఆగిన చోట వేలు పెట్టింది. "ఆపకుండా ఉంటే, ఆవిడ బాధలో మర వాటా ఎంతో తక్కెడ తేల్చలేకపోయేది. మీ దీపం పచ్చగానే ఉండేది."

"అంటే, శవం ఎదురుగా ఉండగా పిండి ఆడించుంటే తప్పు లేదంటారు," అన్నాడు సాయితేజ.

"చట్టం దృష్టిలో లేదు, తాతగారూ."

ముసలాయన తన అరచేతులు చూసుకుంటూ ఉండిపోయాడు. లాస్యకి ఒళ్ళు మండింది. ఇంట్లో పెద్దగా మాట్లాడి ఎరగని మనిషి, అక్కడ గొంతెత్తింది.

"అది ఏడుపండీ! ఏడుపూ, అభ్యంతరమూ ఒకటేనా? మీ ఇంట్లో ఎవరూ పోలేదా?"

"నాకు ఒకటి కాదమ్మా," అంది సాన్విక మెల్లిగా. "తక్కెడకి తేడా తెలియదు. బాధ ఎంత, దేనితో మొదలైంది, ఈ రెండే చూస్తుంది. ఎందుకని అడగదు. ఎందుకని అడగడం మొదలుపెడితే ఎవరికి తోచిన కారణం వాళ్ళు చెబుతారు. మళ్ళీ పాత కోర్టులే. పై పీఠానికి వెళ్ళచ్చు మీరు, కానీ అక్కడున్నదీ ఈ తక్కెడే."

ఇక దారులు మూడే మిగిలాయి. మర మూసెయ్యాలి, లేదా లాస్య మోత వినబడనంత దూరం ఇల్లు మారాలి, లేదా శమని వాడాలి. శమని నాలుక కింద పెట్టుకునే చిన్న తెల్లబిళ్ళ. రోజుకొకటి వేసుకుంటే నాడి లేవదు. రైలు పట్టాల పక్కన ఉండేవాళ్ళు ఎప్పటినుంచో వాడుతున్నారని, ప్రాణానికి ఏ ముప్పూ లేదని సాన్విక చెప్పింది.

"వద్దమ్మాయ్," అన్నాడు సాయితేజ లేస్తూ. "మర పోతే పోద్ది. మనిషిని ఏడవనివ్వని మర నాకెందుకు?"

జశ్వంతు మొహం చూసింది లాస్య. మర తప్ప ఇంకో పని తెలియనివాడు. ఇద్దరు పిల్లలు. తాత ముత్తాతల రాళ్ళు. తన కన్నీళ్ళు పోయి ఆ రాళ్ళ మీద పడ్డాయి.

"ఆ బిళ్ళలు ఇవ్వండి," అంది సాన్వికతో.

అలా దీపం మళ్ళీ పచ్చబడింది. గానుగ వీధి పండగ చేసుకుంది. అభ్యంతరం ఎవరిదో అప్పటికి అందరికీ తెలిసిపోయింది గానీ, లాస్యని ఎవరూ పల్లెత్తు మాట అనలేదు. పైగా మేఘన పులిహోర చేసుకొచ్చి, "మా తల్లే, వీధి పరువు నిలబెట్టావు," అని కావిలించుకుంది. లాస్య పులిహోర తింది. బాగుంది.

మర్నాడు మర మోత వినబడింది. వినబడింది, అంతే. లేచి కాఫీ పెట్టుకుంది. కళ్ళు పొడిగా ఉన్నాయి. గోడ మీద భార్గవ్ ఫొటో చూస్తే, ఎక్కడో చూసిన పెద్దమనిషి అనిపించాడు. ఆయన కళ్ళజోడు, చేతిగడియారం బీరువాలో సర్దడానికి ఇన్నాళ్ళూ చేతులు రాలేదు. ఆ పూట చకచకా సర్దేసింది. కొన్నాళ్ళకి, తుఫాను రోజుల్లో ఒక మధ్యాహ్నం, మర లేచిందే అన్న ఆయన మాట గుర్తు చేసుకోబోయింది. మాట గుర్తొచ్చింది. గొంతు గుర్తు రాలేదు. దానికి భయపడాలని ఆవిడకి తెలుసు. ఆ భయం కూడా రాలేదు.

అక్కడితో ఆగితే ఒక మనిషి కష్టంతో పోయేది. కానీ ఈ కేసు సంగతి నాగులరేవంతా పాకింది. కొట్లవాళ్ళు నేర్చుకోవలసింది నేర్చుకున్నారు. చావొచ్చినా సరే కొట్టు ఆపకూడదు. ఆపితే మళ్ళీ తెరిచిన రోజున ఎవరి గుండె లేచినా, అది సాక్ష్యమై కూర్చుంటుంది. ఆ ఏడాదే వీధి మలుపులో దర్జీ శ్రీహాన్ తల్లి పోయింది. టీకొట్టు ఆగలేదు. ఇస్త్రీ బండి ఆగలేదు. తమ ఏడుపు ఏ కొట్టు మీద పడుతుందోనని, చావింటికి పరామర్శకి వెళ్ళేవాళ్ళు ముందు నాలుక కింద ఒక బిళ్ళ పెట్టుకుని వెళ్ళారు. ఒకరిద్దరితో మొదలై అది మర్యాద కిందికి దిగింది. బిళ్ళ లేకుండా వచ్చి బావురుమన్నవాళ్ళని చూస్తే, పక్కింటి అన్నంలో మన్ను పోసినట్టు చూసేవారు. శ్రీహాన్ చెల్లెలు పొరుగూరి నుంచి ఏడుస్తూ వస్తే, వీధి మొగలోనే ఆపి, బిళ్ళ ఇచ్చి, అది పనిచేసేదాకా నీడన కూర్చోబెట్టి, అప్పుడు పంపారు.

ఆ రోజు మరలో ఇంకొకటి జరిగింది. సాయితేజ అరుగు దిగి లోపలికెళ్ళి, అలవాటు చొప్పున బెల్టు మీద చెయ్యి వేశాడు. జశ్వంతు వచ్చి ఆ చేతి మీద తన చెయ్యి పెట్టాడు. గట్టిగా పట్టుకోలేదు, ఊరికే పెట్టాడు. తండ్రి కొడుకు మొహం చూసి, చెయ్యి తీసేసి బయటికొచ్చాడు. ఆ తర్వాత ఆయన మర గడప లోపలికి అడుగు పెట్టలేదు.

తక్కెడ లెక్కల్లో గానుగ వీధి నాడి ఎంత నిలకడగా ఉందంటే, పురపాలక సంఘం వారు వచ్చి ప్రశాంత వీధి అని పలక బిగించి, చప్పట్లు కొట్టి వెళ్ళారు.

తొలకరి రోజుల్లో సాయితేజ నిద్రలోనే పోయాడు. పొద్దున్నే మేఘన వచ్చి చెప్పింది. "పోయాడే మీ బాబాయి. సాయంత్రం ఎత్తుతారంట," అంది, వానొచ్చేలా ఉందన్నట్టు. ఆమె నాలుక కింద బిళ్ళ మాటలో తెలుస్తూనే ఉంది.

లాస్య అరచేతిలో ఆ రోజు బిళ్ళ ఉంది. దాన్ని చూస్తూ నిలబడింది. భార్గవ్ శవం పక్కన, భుజాన బెల్టుతో, మాటా పలుకూ లేకుండా కూర్చున్న మనిషి గుర్తొచ్చాడు. గుర్తొచ్చినా గుండెలో ఏమీ కదల్లేదు. అదే ఆవిడకి సిగ్గనిపించింది. సిగ్గు కూడా కాదు, సిగ్గుపడాలన్న తెలివి. బిళ్ళ తిరిగి సీసాలో వేసేసింది. నిన్నటి బిళ్ళ ఒంట్లోంచి దిగేదాకా వంటింటి గడప మీద కూర్చుంది.

మధ్యాహ్నం దాటాక దిగింది. ముందు మర మోత వచ్చింది. ఇన్నాళ్ళూ చెవికి మాత్రమే వినబడ్డ మోత ఇప్పుడు కడుపులో పడింది. దాని వెనకే, మర లేచిందే, నువ్వింకా లేవవేంటి, అని భార్గవ్ గొంతు. పోయిందనుకున్న గొంతు. చిన్న ఎగతాళి, చివర్లో దగ్గు, అంతా ఉంది. లాస్య చెంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది. ఎంత ఏడ్చిందో అంత సుఖంగా ఉంది. ఆయన కోసం ఎంత, ముసలాయన కోసం ఎంత, ఆవిడకే తెలియదు. అలాగే లేచి, కళ్ళు తుడుచుకోకుండా వీధిలోకి వచ్చింది.

వీధి ఆవిణ్ణి చూసి పక్కకి తప్పుకుంది. టీకొట్టు దగ్గర నిలబడ్డవాళ్ళు గ్లాసులు దించి లోపలికెళ్ళారు. ఎవరిదో తలుపు మూసుకుంది. "ఏడవకే తల్లీ, నీ కాళ్ళు మొక్కుతా," అని కిటికీలోంచి మేఘన.

మర ఆడుతోంది. మోత ఇంటి దగ్గరే విన్నా, శవం ఉన్నచోటే మర ఆడుతోందన్నది లాస్యకి గుమ్మం దాకా వచ్చేవరకు తట్టలేదు. దీపం పచ్చగా ఉంది. డబ్బాలు వరసలో ఉన్నాయి. అరుగు మీద సాయితేజని పడుకోబెట్టి తెల్లగుడ్డ కప్పారు, మొహం కనబడుతోంది. లోపల చక్రం మీద బెల్టు తిరుగుతోంది. పిండి లేచి గుమ్మం దాటి వచ్చి ఆయన మీద పడుతోంది.

జశ్వంతు ఆవిడ ఏడుపు మొహం చూసి, చేతిలో డబ్బా అక్కడే వదిలి పరుగున వచ్చాడు. రెండు చేతులూ జోడించాడు.

"అక్కా, నీకు దణ్ణం పెడతాను. ఇంటికెళ్ళిపో."

"మీ నాన్న పోయాడురా!" అంది లాస్య. "మర ఆపరా. ఆయన ఎవరికి ఆపలేదురా ఈ మర? మీ బావకి ఆపలేదూ? ఆయనకి నువ్వు ఆపవా? ఒక్క పూట ఆపరా."

"ఒక్క పూట ఆపినా మళ్ళీ మొదలెట్టాలి కదక్కా." అతని గొంతు బిళ్ళ వేసుకున్న గొంతు, ఎత్తూ పల్లమూ లేదు. "మొదలెట్టిన్నాడు నాన్న గుర్తొస్తాడు. ఎన్నాళ్ళని బిళ్ళ మింగుతాను? ఏదో ఒక పొద్దున బిళ్ళ మర్చిపోతాను, ఏడుస్తాను. నేనూ ఈ వీధిలోనే ఉంటున్నాను. నాకూ పట్టీ ఉంది. నా మర మీద నేనే అభ్యంతరం పెట్టినట్టవుద్ది. ఆపకుండా ఉంటే ఆ బాధ లేదు. నాన్న ఉన్నప్పుడూ ఆడింది, పోయినప్పుడూ ఆడింది. తక్కెడకి తేడా తెలీదు."

అతను జేబులోంచి సీసా తీసి, ఒక బిళ్ళ ఆవిడ ముందుకి చాపాడు. వరసలో ఉన్నవాళ్ళు తమ డబ్బాల వైపు చూసుకుంటున్నారు.

ఆవిడ పచ్చదీపం వైపు చూసింది. అరుగు మీది ముసలాయన వైపు చూసింది. వద్దమ్మాయ్ అని ఆయన అన్నమాట చెవిలో ఉంది. కానీ అది అన్న మనిషి ఇప్పుడు లేడు, ఉన్నవాడు చెయ్యి చాపి నిలబడ్డాడు. లాస్య బిళ్ళ అందుకుని నాలుక కింద పెట్టుకుంది.

ఏడుపు ఆగేదాకా టీకొట్టు చూరు కింద నిలబడింది. గుండెలోంచి ముందు ముసలాయన వెళ్ళాడు. తర్వాత భార్గవ్ గొంతు, ముందు దగ్గు, ఆ తర్వాత మాట. అది వెళుతుంటే పట్టుకోవాలని చూసింది గానీ, పట్టుకోవాలన్న కోరిక కూడా దానితోపాటే వెళ్ళిపోయింది. కళ్ళు ఆరాయి. పట్టీ సన్నగా వణికి, మీరు కుదుటపడినందుకు సంతోషం అంది.

అప్పుడు వెళ్ళి అరుగు మీద, సాయితేజ తల దగ్గర కూర్చుంది. ఆయన మొహం మీద పిండి పేరుకుంది. చెంగుతో నుదురు, కళ్ళు, బుగ్గలు తుడిచింది. కనుబొమల్లోది మాత్రం రాలేదు. చెంగు దులుపుకుని చూసేసరికి మళ్ళీ పేరుకుంది. మళ్ళీ తుడిచింది. లోపల్నించి జశ్వంతు వరసలో తర్వాతి డబ్బా ఎవరిదని అడుగుతున్నాడు.